నాజు స్టేషన్లో ఓ జడ

ఆడదాని జుట్టు పట్టి లాగితే ఏమవుతుందో మనకి ఎవరూ కొత్తగా చెప్పక్కర్లేదు. పద్ధెనిమిది పర్వాల భారతం వింటూ పెరిగినవాళ్ళం. అయితే నేనిప్పుడు చెప్పబోయేది హస్తినాపురం సంగతి కాదు. కొరియా దేశంలో, బాగా దక్షిణాన, నాజు అనే చిన్న వూరి రైల్వే స్టేషను సంగతి. (నాజు! మన నాజూకులోంచి చివరి అక్షరం జారిపోయినట్టు లేదూ? బేరిపళ్ళకి పేరుపడ్డ వూరు లెండి.)

ఈ కథలో ఒక మగపిల్లల ప్రభుత్వ హైస్కూలుంది. నాజుకి పక్కనే వున్న గ్వాంగ్జు నగరంలో. బేస్‌బాల్ ఆటకి ఆ దేశంలో పెట్టింది పేరు ఆ స్కూలు. ఆడపిల్ల జడకీ, మగపిల్లల బంతాటకీ ఏవిటమ్మా సంబంధం అంటారేమో. వుంది. కాస్త ఓపిక పట్టండి.

1910లో జపాన్ కొరియాని పూర్తిగా మింగేసింది. 1945లో కక్కే దాకా ముప్ఫయ్యయిదేళ్ళు. మనం తెల్లవాళ్ళని చూశాం గనక దొరతనం అంటే రంగు తేడా అనుకుంటాం. అక్కడ రంగూ అదే, కళ్ళూ అవే, తినే అన్నమూ అదే. తేడా అంతా పేర్లలో పెట్టారు. ఒకే వూళ్ళో జపాన్ మగపిల్లలు చదివేదాన్ని గ్వాంగ్జు మాధ్యమిక పాఠశాల అన్నారు. కొరియా పిల్లల కోసం 1920లో పెట్టినదాన్ని గ్వాంగ్జు ఉన్నత సామాన్య పాఠశాల అన్నారు. "ఉన్నత" అంటూనే "సామాన్య" అని మొట్టికాయ! మన కథలోని స్కూలు ఆ సామాన్యుల స్కూలే. కొరియా ఆడపిల్లలకి అలాంటిదే ఇంకో సామాన్య పాఠశాల 1927లో వచ్చింది.

నాజు నుంచి గ్వాంగ్జుకి పిల్లలు రోజూ పొద్దున్న రైల్లో వెళ్ళి సాయంత్రం రైల్లో తిరిగొచ్చేవారు. జపాన్ పిల్లలూ, కొరియా పిల్లలూ అందరూ ఆ రైల్లోనే. 1929లో పదిహేను పదహారేళ్ళ ఆడపిల్లని రోజూ రైలెక్కించి పక్కవూరి బడికి పంపిన తల్లిదండ్రుల్ని తలుచుకుంటే నాకు ముచ్చటేస్తుంది. ఆ సంవత్సరంలో మన ఇళ్ళల్లో ఆ వయసు పిల్లలు ఎంతమంది పుస్తకం పట్టుకుని గడప దాటారో లెక్క వేసుకోండి.

అక్టోబరు 30 సాయంత్రం. రైలు నాజులో ఆగింది. పార్క్ గిఓక్, లీ గ్వాంగ్చున్, వాళ్ళతో మరొక పిల్ల, గేటు వైపు నడుస్తున్నారు. కొరియాలో అప్పటి ఆచారం అచ్చంగా మనలాగే. పెళ్ళికాని పిల్లకి వీపు మీద ఒంటిజడ, చివర రిబ్బను, పెళ్ళయితే ముడి. జపాన్ స్కూలు కుర్రాళ్ళు కొందరు, ఫుకుదా అనేవాడు ముందు నడుస్తూ, ఆ జడలు పట్టి లాగి వెక్కిరించారు. గిఓక్‌కి తమ్ముడు వరసయ్యే పార్క్ జున్‌ఛే అదే రైల్లోంచి దిగాడు. సామాన్య పాఠశాల రెండో ఏడు కుర్రాడు. వాడు వెళ్ళి, ఇదేం పని అని నిలదీశాడు. ఫుకుదా తప్పొప్పుకోకపోగా వీణ్ణి జాతి పేరు పెట్టి తిట్టాడు. ఆ తిట్టు నోట్లోంచి వచ్చేలోపల వీడి పిడికిలి వాడి మొహం మీద పడింది. చుట్టూ వున్నవాళ్ళంతా కలబడ్డారు. జపాన్ పోలీసు పరిగెత్తుకొచ్చి చెంపదెబ్బ కొట్టింది ఎవర్నంటారు? జున్‌ఛేనే.

మర్నాడు రైల్లో మళ్ళీ కొట్లాట. ఆ మర్నాడూ అంతే. వూళ్ళోని జపాన్ వాళ్ళ పత్రిక తప్పంతా కొరియా పిల్లల మీదకే నెట్టి రాసింది.

ఇక్కడ ఒక మాట చెప్పాలి. జడ లాగినందుకే ఒక దేశం లేచి నిలబడిందని చెప్పడం కథకి అందంగా వుంటుంది గానీ, మంట అంటుకోవాలంటే ముందు కట్టెలు ఎండి వుండాలి కదా. గ్వాంగ్జులో ఆ కట్టెలు మూడేళ్ళుగా ఎండుతున్నాయి. 1926లోనే ఈ స్కూలు పిల్లలు కొందరు రహస్యంగా సంఘం పెట్టుకున్నారు. వాళ్ళల్లో జాంగ్ జేసాంగ్ అనే కుర్రాడు తరవాత జపాన్ వెళ్ళి చదువు మధ్యలో వదిలేసి వచ్చి, వూళ్ళో ఒక రొట్టెల కొట్టు చూసుకునేవాడు. పైకి రొట్టెలు, లోపల చదువుకోకూడని పుస్తకాలు. అతని చెల్లెలు జాంగ్ మేసాంగ్ వూరుకుంటుందా? 1928లో ఆడపిల్లల స్కూల్లో తన నేస్తాలతో "బాలికల సంఘం" పెట్టింది. అన్నగారి చాటున కాదు, సొంతంగా, సొంత ప్రమాణంతో.

ఇంకా వెనక్కి వెడితే బంతి కనిపిస్తుంది. బేస్‌బాల్ కొరియాకి 1905 ప్రాంతాల్లో వచ్చింది, సియోల్లో వై.ఎం.సి.ఎ. పనిమీద వున్న గిల్లెట్ అనే అమెరికన్ తెచ్చాడు. మనకి బొత్తిగా అలవాటు లేని ఆట. క్రికెట్టుకి దాయాది అనుకోండి. లావుపాటి కర్ర, గట్టి బంతి. కొట్టినవాడు మూడు మజిలీలు చుట్టి మళ్ళీ ఇంటికి చేరాలి. బయల్దేరిన చోటుని వాళ్ళు నిజంగానే "ఇల్లు" అంటారు. గ్వాంగ్జు సామాన్య పాఠశాల పిల్లలు 1920ల మొదట్లోనే జట్టు కట్టారు. 1924లో వూళ్ళోని జపాన్ వాళ్ళ జట్టుతో ఆడి గెలిచారు. గెలిస్తే చప్పట్లు కొడతారా ఎవరైనా? మైదానంలోనే తన్నులాట అయింది. పోలీసులు వచ్చి పట్టుకెళ్ళింది సామాన్యుల పిల్లల్ని. మిగిలినవాళ్ళు, మావాళ్ళని వదిలితేనే బడికి వస్తామని ఇళ్ళల్లో కూర్చున్నారు. నాజు స్టేషన్లో జడ లాగేటప్పటికి ఆ స్కూలుకి సమ్మె చెయ్యడం కొత్త విద్య కాదన్నమాట. అది బంతితో పాటు నేర్చుకున్నదే.

నవంబరు 3 ఆదివారం. అయినా బడికి రమ్మన్నారు, మీజీ చక్రవర్తి పుట్టినరోజు పండగ గనక. చాంద్రమానం లెక్కలో ఆ రోజే కొరియా వాళ్ళకి తమ దేశం పుట్టినరోజు కావడం విచిత్రం. పిల్లల్ని వరసగా నిలబెట్టి జపాన్ జాతీయగీతం పాడమన్నారు. పిల్లలు నోరు మూసుకుని నిలబడ్డారు. పాడకపోవడం ఎంత పెద్ద పనో అక్కడ మేష్టర్లకి వెంటనే తెలిసి వుంటుంది. తరవాత వీధుల్లోకి వచ్చారు. ఆ పత్రికాఫీసు మీదకి వెళ్ళారు. జపాన్ స్కూలు పిల్లలతో ఎదురుపడ్డారు. వ్యవసాయ పాఠశాల నుంచి, ఉపాధ్యాయ శిక్షణ పాఠశాల నుంచి కూడా పిల్లలు వచ్చి కలిశారు. ఆడపిల్లలూ వీధిలోకి వచ్చారు. సాయంత్రానికి పోలీసులు పట్టుకుపోయినవాళ్ళలో ఎక్కువమంది కొరియా పిల్లలే. బళ్ళు మూసేశారు. పత్రికల నోళ్ళూ మూయించారు. నవంబరు 12న మళ్ళీ రెండోసారి వూరేగింపు, ఈసారి కరపత్రాలతో.

ఆ ఏడాదే మార్చి చివర్లో మన రవీంద్రనాథ్ ఠాగూర్, కొరియా పత్రిక వాళ్ళు అడిగితే, ఆ దేశం మీద నాలుగు పంక్తుల పద్యం రాసి ఇచ్చాడు. కొరియా పిల్లలు దాన్ని ఇప్పటికీ తలుచుకుంటారు. ఏడు నెలలు తిరిగేసరికి ఈ గొడవ.

ఇంతవరకూ కథ చెబితే చాలామంది ఇక్కడికి ముగించేస్తారు. అక్క జడ లాగారు, తమ్ముడు కొట్టాడు, దేశం లేచింది, శుభం. మగవాళ్ళు రాసిన చరిత్ర కదా, ఆడపిల్ల జడ కథ మొదలెట్టడానికి పనికొస్తుంది. ఆ తరవాత ఆ పిల్ల ఏమయిందో ఎవరికీ అక్కర్లేదు. నాకు మాత్రం అదే అడగాలనిపించింది. జడ సవరించుకుని ఇంటికి వెళ్ళి ఆ పిల్లలు ఏం చేశారు? తలుపు గడియ వేసుకుని ఏడ్చారా? రేపట్నించీ బడికి వెళ్ళనని అన్నారా?

1930 జనవరిలో బళ్ళు మళ్ళీ తెరిచారు. ఆగిపోయిన పరీక్షలు పెట్టారు. ఆడపిల్లల స్కూల్లో ప్రశ్నపత్రాలు పంచేవేళకి లీ గ్వాంగ్చున్ లేచింది. అవును, స్టేషన్లో జడ లాగించుకున్న ముగ్గురిలో ఒకత్తె. మన స్నేహితులు జైళ్ళలో మగ్గుతుంటే మనం కూర్చుని పరీక్ష రాయడం ఏం బాగుంటుందని అందరికీ వినపడేలా అడిగింది. పిల్లలు కలాలు కింద పెట్టేశారు. తెల్లకాగితాలు తెల్లగానే ఇచ్చేశారు. గ్వాంగ్చున్నీ, పార్క్ గిఓక్‌నీ స్కూలు నుంచి తీసేశారు. జాంగ్ మేసాంగ్‌నీ ఆమె సంఘం పిల్లల్నీ కోర్టుకీడ్చారు. మేసాంగ్ జైలుకి వెళ్ళింది.

చదువు కోసం రోజూ రైలెక్కిన పిల్లలకి పరీక్షంటే ఏమిటో మనకి తెలుసు. మగపిల్లాడు పిడికిలి బిగించడానికి ఒక్క క్షణం కోపం చాలు. రెండున్నర నెలలు ఆగి, చల్లగా, చేతిలోని కలం కింద పెట్టి చదువునే వదులుకోవడానికి వేరే ధైర్యం కావాలి. ఇది మగపిల్లల్ని తక్కువ చెయ్యడానికి అనడం లేదు సుమండీ. వాళ్ళు పడ్డ దెబ్బలు వాళ్ళు పడ్డారు. మెచ్చుకోవడంలో పాళ్ళు సరిగా వుండాలి కదా అని.

1932 చివర్లో నెహ్రూ జైల్లోంచి ఇందిరకి రాసిన వుత్తరాల్లో కొరియా సంగతి వుంది. అక్కడ 1919లో జరిగిన పోరాటం గురించి చెబుతూ, కాలేజీల నుంచి అప్పుడే వచ్చిన ఆడపిల్లలు అందులో పాలుపంచుకున్నారని కూతురికి ప్రత్యేకం గుర్తుచేశాడాయన. అప్పటికి ఇందిరకి పదిహేనేళ్ళు. నాజు పిల్లల కథ కూడా ఆయనకి తెలిసుంటే ఇంకో రెండు పేజీలు రాసి వుండేవాడేమో.

గొడవ గ్వాంగ్జుతో ఆగలేదు. సియోల్‌కి పాకి, 1930 మార్చి దాకా దేశమంతా తిరిగింది. చాలాకాలంగా చెప్పే లెక్క ప్రకారం 194 స్కూళ్ళు, 54,000 మంది పిల్లలు. చదువులు పూర్తిగా పోయినవాళ్ళు 582 మంది. అరెస్టయినవాళ్ళు 1,462 మంది. రొట్టెల కొట్టు జేసాంగ్ శిక్ష అనుభవించి బయటికొచ్చాడు. స్వతంత్రం వచ్చాక కూడా అతని రాజకీయాలు ప్రభుత్వానికి గిట్టలేదు. మళ్ళీ జైలే. 1950లో ఉత్తర దక్షిణ కొరియాల యుద్ధం మొదలైన రోజుల్లో గ్వాంగ్జు జైల్లో వున్నవాణ్ణి కాల్చి చంపారు. పరాయివాళ్ళు ప్రాణంతో వదిలినవాణ్ణి సొంతవాళ్ళు వదల్లేదు.

స్వతంత్రం తరవాత మన సామాన్య పాఠశాల పేర్లు మారి మారి చివరికి "గ్వాంగ్జు జేఇల్" హైస్కూలు అయింది. వినగానే నేనూ ఉలిక్కిపడ్డాను. జైలు కాదండీ, జేఇల్ అంటే "మొదటిది" అని అర్థం. ఆ స్కూలు పిల్లలు వెళ్ళొచ్చిన చోట్లు తలుచుకుంటే మన అర్థం కూడా తప్పేం కాదు! 1954లో ఆవరణలో విద్యార్థుల పోరాటానికి గుర్తుగా ఎత్తయిన స్తంభం కట్టారు. అంతకు ఏడాది ముందే నవంబరు 3ని విద్యార్థుల దినం చేశారు. తమాషా చూడండి, 1973లో పార్క్ చుంగ్‌హీ ప్రభుత్వం ఆ పండగని ఎత్తేసింది. నియంతకి ఎదురుతిరిగే విద్యార్థులే తలనొప్పిగా వున్న రోజుల్లో, ఎదురుతిరిగిన విద్యార్థులకి పండగ చెయ్యడం ఏం రుచిస్తుంది? మళ్ళీ 1984లో గానీ అది తిరిగి రాలేదు.

పండగ లేని ఆ ఏళ్ళల్లోనే జేఇల్ స్కూలు బంతి దేశమంతటికీ వినిపించింది. అప్పటికింకా డబ్బు పుచ్చుకుని ఆడే పెద్ద జట్లు లేవు. దేశానికి దేశం హైస్కూలు పిల్లల బేస్‌బాల్ మీదే పడి చచ్చేది. సియోల్లో స్టేడియం కిక్కిరిసిపోయేది. వచ్చేవాళ్ళు ఆట కోసం ఒక్కటే కాదు, తమ వూరి పేరు పదిమంది నోటా వినడానికి. గ్వాంగ్జు వున్న చొల్లా ప్రాంతం వరి పండే నేల. ఫ్యాక్టరీలు, రోడ్లు ఎక్కువగా పార్క్ చుంగ్‌హీ సొంత ప్రాంతం గ్యాంగ్‌సాంగ్‌కి పోయాయి. చొల్లా జనం కూలికీ, ఇళ్ళల్లో పనికీ సియోల్ చేరారు. సినిమాల్లో పనిమనిషి నోటా, రౌడీ నోటా వినిపించేది వాళ్ళ యాసే. మన సినిమాల్లో ఏ యాస ఎవరి నోట పెట్టేవారో గుర్తు చేసుకుంటే ఆ అవమానం రుచి మనకీ తెలుస్తుంది.

అటువంటి రోజుల్లో, 1975లో, ప్రెసిడెంట్ పేరు మీద నడిచే కప్పుకి చివరి ఆట. ఒకవైపు గ్యాంగ్‌సాంగ్‌లోని గ్యాంగ్‌బుక్ హైస్కూలు, అంటే అయ్యవారి ప్రాంతం. మరోవైపు జేఇల్. జేఇల్ కుర్రాడు కిమ్ యున్‌హ్వాన్ వరసగా మూడుసార్లు కర్ర పుచ్చుకుని వచ్చి, మూడుసార్లూ బంతిని ప్రహరీ దాటించాడు. కప్పు గ్వాంగ్జుకి వచ్చింది. ప్రెసిడెంట్ కప్పు! ఏ పనిమనిషి పిల్ల ఆ రాత్రి సియోల్లో అంట్లు తోముకుంటూ రేడియోలో విని నవ్వుకుందో.

1980లో మళ్ళీ అదే కప్పు గెలిచారు. ఆ జట్టులో బంతి విసిరినవాడు సన్ డాంగ్‌యోల్, చివరి ఏడు చదువుతున్న కుర్రాడు. ఆ ఏడే మే 18న గ్వాంగ్జులో సైన్యం విద్యార్థుల మీద పడింది. వూరు వూరంతా తిరగబడింది. 27వ తేదీకి అణచేశారు. ప్రభుత్వ లెక్కలోనే 150కి పైగా పౌరులు పోయారు. పిల్లలు తుపాకులకి ఎదురెళ్ళారు, ఆడవాళ్ళు వీధుల్లో అన్నం వండి ముద్దలు చేసి పంచారు. అదంతా చెబితే ఇంకో వ్యాసం అవుతుంది. ఆ వూరి వాళ్ళు తమ చచ్చిపోయిన పిల్లల గురించి పైకి మాట్లాడ్డానికి వీల్లేకుండా చాలా ఏళ్ళు గడిచాయన్నదే ఇక్కడ కావలసిన మాట.

సైన్యాన్ని పంపించిన చున్ దూహ్వాన్ ప్రెసిడెంటయి, 1982లో డబ్బు జట్ల పోటీలు మొదలుపెట్టి, మొదటి బంతి తనే విసిరాడు. జనం ఆటలో పడి మిగతావి మర్చిపోతారని కాబోలు. గ్వాంగ్జుకి ఒక బిస్కట్ల కంపెనీ పెట్టిన జట్టు వచ్చింది, హైతై టైగర్స్. జేఇల్ పిల్లలు చాలామంది అందులో చేరారు. సన్ డాంగ్‌యోల్ 1985లో చేరి, కొట్టేవాళ్ళకి నిద్రపట్టకుండా చేశాడు. జేఇల్లోనే చదివిన లీ జాంగ్‌బోమ్ 1993లో వచ్చాడు; మరుసటేడు 84 సార్లు బంతి కళ్ళుగప్పి మజిలీ దొంగిలించాడు. 1983 నుంచి 1997 లోపల తొమ్మిదిసార్లు దేశంలో మొదటి జట్టు అదే.

మర్చిపోవడానికి పెట్టిన ఆటలో గ్వాంగ్జు జనం ఏం చేశారో తెలుసా? జట్టు గెలుస్తుంటే లేచి నిలబడి "మొక్‌పో కన్నీళ్ళు" పాడేవారు. 1935లో, జపాన్ వాళ్ళ కాలంలో, లీ నాన్‌యాంగ్ అనే పందొమ్మిదేళ్ళ చొల్లా పిల్ల పాడిన పాట అది. రేవులో నిలబడి ఎడబాటుకి ఏడ్చే పాట. గెలిచినప్పుడు ఏడుపు పాట పాడే జనాన్ని మీరెక్కడైనా చూశారా? ఏడవడానికి వేరే చోటు లేనప్పుడు పాడరు మరీ! మే 18న గ్వాంగ్జులో ఆట పెట్టకుండా చాలా ఏళ్ళు తప్పించారంటే, ఆ పాట పై వాళ్ళకీ అర్థమయినట్టే.

జేఇల్ పిల్లలు తరవాత సముద్రాలు దాటారు. కిమ్ బ్యుంగ్‌హ్యున్, సో జేయుంగ్, చోయ్ హీసాప్ ముగ్గురూ కాస్త వెనకా ముందూ ఆ బడిలో చదివి అమెరికా పెద్ద జట్లకి వెళ్ళారు. 2001లో న్యూయార్కులో ప్రపంచ పోటీలు. ఇరవైరెండేళ్ళ బ్యుంగ్‌హ్యున్ బంతి విసురుతున్నాడు. ఇంకొక్కణ్ణి అవుట్ చేస్తే గెలుపనగా ఎదుటివాడు బంతిని ప్రేక్షకుల్లోకి కొట్టాడు. మర్నాడు రాత్రి సరిగ్గా అదే చోట, అదే ఒక్కడి దగ్గర, మళ్ళీ అదే జరిగింది. ఆ కుర్రాడు మట్టిదిబ్బ మీద అలాగే గొంతుక్కూర్చుండిపోయాడు. ఆ బొమ్మ చూసినప్పుడు నాకు ఆట గుర్తురాలేదు, వాళ్ళమ్మ గుర్తొచ్చింది. ఆవిడ ఎవరో నాకేం తెలుసు? అయినా గుర్తొచ్చింది. చివరికి అతని జట్టే గెలిచింది లెండి.

స్తంభం ఇప్పటికీ జేఇల్ ఆవరణలో వుంది. బడి వదిలాక దానికి అవతల మైదానంలో బంతి చప్పుడు. నాజులో కొత్త స్టేషను కట్టాక 2001 నుంచి పాత స్టేషన్లో రైళ్ళు ఆగడం లేదు. చిన్న భవనాన్ని మాత్రం పడగొట్టకుండా వుంచి, దగ్గర్లోనే ఈ కథకి ఒక స్మారక భవనం కట్టారు. పార్క్ గిఓక్ స్వతంత్రం వచ్చిన రెండేళ్ళకే, 1947లో పోయింది. తెల్లకాగితం ఇచ్చేసిన లీ గ్వాంగ్చున్ 2010 దాకా వుంది. తొంభయ్యయిదేళ్ళు బతికింది. అప్పటికి ఆ జడ ఎప్పుడో ముడి అయిపోయి, ఆ ముడీ ముగ్గుబుట్టయి వుంటుంది.